ఎడారి కథలకు నీటి లెక్క

గత సంచికలో సహారాను కాలినడకన దాటినవారి గురించి వచ్చిన వ్యాసం చదివి పాఠకులు పంపిన ప్రశ్నలలో చాలావరకు ఒకే విషయం చుట్టూ తిరుగుతున్నాయి. ఎడారిలో చిక్కుకుని ప్రాణాలతో బయటపడ్డామని చెప్పినవారి కథలలో ఎంత నమ్మవచ్చు, ఎంత వదిలివేయవచ్చు అని అడుగుతున్నారు. ఈ నెల శీర్షికను ఆ ప్రశ్నలకే కేటాయిస్తున్నాము.

ప్రశ్న: నీళ్లు లేకుండా ఎడారిలో మనిషి ఎన్ని రోజులు బతకగలడు? ఒకచోట మూడు రోజులని, మరొకచోట వారమని చదివాను. ఏది నిజం?

జవాబు: రెండూ నిజమే కావచ్చు. ఎండ ఎంత ఉంది, ఆ మనిషి నడుస్తున్నాడా, నీడపట్టున ఉన్నాడా అన్నది చెప్పకుండా రోజుల సంఖ్య మాత్రమే చెబితే దానికి అర్థం ఉండదు. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో అమెరికా శరీరధర్మ శాస్త్రవేత్త ఎడ్వర్డ్ అడాల్ఫ్, ఆయన సహచరులు కాలిఫోర్నియా ఎడారిలో సైనికులను పరిశీలించి, తమ ఫలితాలను 1947లో పుస్తకంగా ప్రచురించారు. వారి అంచనా ప్రకారం, నీడలో కొలిచిన పగటి గరిష్ఠ ఉష్ణోగ్రత 49 డిగ్రీల సెల్సియస్ ఉన్నప్పుడు చుక్క నీరు దొరకని మనిషి నీడలో కదలకుండా పడుకున్నా సుమారు రెండు రోజులే బతుకుతాడు. అదే 38 డిగ్రీలైతే ఐదు రోజులు, 32 డిగ్రీలైతే వారం వరకు నెట్టుకురాగలడు. ఆ మనిషి పగలు పడుకుని రాత్రిళ్లు ఓపిక ఉన్నంతవరకు నడిస్తే, 49 డిగ్రీల వద్ద ఆ రెండు రోజులు ఒకటికి, 38 డిగ్రీల వద్ద ఆ ఐదు రోజులు మూడుకు పడిపోతాయి.

ఈ తేడా అంతా చెమటలోనే ఉంది. మండుటెండలో నడిచే మనిషి ఒంట్లోంచి గంటకు లీటరు వరకు నీరు చెమటగా పోతుంది. పొడిగాలికి అది వెంటనే ఆరిపోతుంది కాబట్టి తనకు చెమట పడుతున్న సంగతే అతనికి తెలియదు. ఒంటి బరువులో పదోవంతు నీటి రూపంలో పోయేసరికి నడక తడబడుతుంది, మాట ముద్దగా వస్తుంది, తనను తాను కాపాడుకునే వివేకం ఉండదు. ఉన్న కాస్త నీటిని సీసాలో దాచుకుని గుక్కెడు గుక్కెడుగా తాగుతూ ఎండలో నడిచినందువల్ల చెమట తగ్గదని అడాల్ఫ్ బృందం స్పష్టంగా చెప్పింది. దప్పిక వేసినప్పుడు తాగి, పగలు కదలకుండా నీడలో ఉండి, ఒంటిమీది బట్టలు విప్పకుండా ఉంచుకున్నవాడికే ఎక్కువ గడువు దొరుకుతుంది. వేడికి తాళలేక చొక్కా విప్పి పారేయడం ఎడారిలో దారి తప్పినవారు తరచుగా చేసే పని. దానివల్ల నేరుగా ఎండ తగిలి చెమట మరింత పెరుగుతుంది.

ఈ లెక్కకు దాదాపు చివరి అంచున నిలిచిన మనిషి పాబ్లో వాలెన్సియా. 1905 ఆగస్టులో అమెరికాలోని అరిజోనా ఎడారిలో బంగారు గని వెతుక్కుంటూ బయలుదేరిన ఇతడు, నీళ్లు తేవడానికి గుర్రాలతో వెనక్కి వెళ్లిన తోటివాడితో మళ్లీ కలుసుకోలేక, సుమారు ఒక రోజుకు సరిపోయే నీటితో దాదాపు వారం పాటు ఒంటరిగా తిరిగాడు. ఆ సమయంలో తినాహాస్ అల్తాస్ అనే రాతి గుంటల దగ్గర డబ్ల్యు. జె. మెక్‌గీ అనే శాస్త్రవేత్త విడిది చేసి ఉన్నాడు. ఒక తెల్లవారుజామున ఎద్దు రంకెలాంటి శబ్దం విని వెళ్లి చూస్తే, విడిదికి కొద్ది దూరంలోనే వాలెన్సియా పడి ఉన్నాడు. పెదవులు ఎండి లోపలికి ముడుచుకుపోయి పళ్లు, నల్లబడిన చిగుళ్లు బయటపడ్డాయి. రెప్పలు కూడా ముడుచుకుపోవడంతో కళ్లు ఆర్పలేకపోతున్నాడు. రాళ్లకూ ముళ్లకూ చీరుకుపోయిన గాయాలనుంచి రక్తం రావడం లేదు. నీళ్లు తాగించి, ఒళ్లు తడిపిన తరువాతే ఆ గాయాలు రక్తం కార్చాయి. మెక్‌గీ ఇదంతా మరుసటి సంవత్సరం వైద్య వ్యాసంగా రాశాడు. దప్పికను ఒక వ్యాధిగా దశలవారీగా వర్ణించిన తొలి రచనలలో అదొకటి. వాలెన్సియా బతకడానికి అతని మొండితనం కారణమని చాలామంది అంటారు. ఆ మొండితనం నిజమే కాని, అతడు ఎక్కువగా రాత్రిళ్లు కదిలాడనే సంగతికి కూడా అంతే విలువ ఇవ్వాలి.

ప్రశ్న: సైబీరియా ఖైదునుంచి పారిపోయి, గోబీ ఎడారిని, హిమాలయాలను నడిచి దాటి భారతదేశం చేరుకున్న పోలండ్ సైనికుడి కథ చదివి కన్నీళ్లు పెట్టుకున్నాను. అది నిజంగా జరిగిందా?

జవాబు: మీరు చెబుతున్నది 1956లో వెలువడిన స్లావోమిర్ రావిచ్ పుస్తకం. రావిచ్ సోవియట్ ఖైదులో మగ్గిన మాట నిజం. అయితే 2006లో బీబీసీ బయటపెట్టిన పత్రాల ప్రకారం, పోలండ్ ఖైదీలకు సోవియట్ ప్రభుత్వం ప్రకటించిన క్షమాభిక్ష కింద ఆయన 1942లో విడుదలై, పోలండ్ సైన్యంలో చేరడానికి ఇరాన్‌కు వెళ్లాడు. ఆ పత్రాలలో ఒకటి స్వయంగా ఆయన చేతిరాత. అందువల్ల ఆ నడక ఆయన నడిచినది కాదనే అనుకోవలసి వస్తుంది.

పత్రాలు దొరకక ముందే కొందరు యాత్రికులు ఆ పుస్తకాన్ని శంకించారు. గోబీలో వారానికి పైగా నీటి చుక్క దొరకకుండా, అదీ నడుస్తూ, బృందంలో చాలామంది బతికి బయటపడ్డారనడం పైన చెప్పిన అంకెలకు ఏమాత్రం పొసగదు. ఎడారి కథ ఏది విన్నా నేను మొదట వేసుకునే ప్రశ్న ఒకటే: ఇంతమంది, ఇన్ని రోజులు, ఇంత ఎండలో, ఏ నీళ్లు తాగారు? ఆ ప్రశ్నకు జవాబు చెప్పకుండా ధైర్యాన్ని, సంకల్పాన్ని మాత్రమే వర్ణించే కథను కాస్త దూరం పెట్టి చదవడం మంచిది. ఆ పుస్తకంలో మంచు మనుషుల వంటి జీవులు ఎదురైన ఘట్టం కూడా ఉందని గుర్తుచేస్తున్నాను. మీరు పెట్టుకున్న కన్నీళ్లు మాత్రం వృథా కాలేదు. అలాంటి శిబిరాలలో చనిపోయినవారు ఊహలో పుట్టినవారు కారు.

ఇదే లెక్కకు నిలబడే ఒక పలాయనం చెబుతాను. 1941 జనవరి 31న దక్షిణ లిబియాలోని జెబెల్ షెరీఫ్ అనే కొండ దగ్గర, బ్రిటిష్ సైన్యపు దూరప్రాంత గస్తీ దళం మీద ఇటలీ సైనికులు దాడి చేశారు. వాహనాలు కొన్ని తగలబడ్డాయి, నాయకుడు పట్టుబడ్డాడు, మిగిలినవారు వెనక్కి తగ్గారు. నలుగురు మాత్రం రాళ్ల చాటున దాక్కుని అక్కడే మిగిలిపోయారు. వారికి దొరికినది తూటా తగిలిన ఒక డబ్బాలో ఎనిమిది లీటర్లకు కాస్త తక్కువ నీరు. దగ్గరలోని ఇటలీ స్థావరానికి వెళ్లి లొంగిపోతే ప్రాణాలు దక్కేవి. పాదానికి గాయమైన న్యూజిలాండ్ సైనికుడు రొనాల్డ్ మూర్ మాత్రం అందుకు ఒప్పుకోలేదు. తమ దళం వెళ్లిన చక్రాల జాడలు పట్టుకుని నలుగురూ దక్షిణంగా నడిచారు. మధ్యలో ఒక ఫ్రెంచి విమానం వారిని చూసి నీటిసీసా జారవిడిస్తే, దాని మూత ఊడిపోయి నీళ్లు ఇసుకపాలయ్యాయి. పదవ రోజున ఫ్రెంచి సైనికులు మూర్‌ను కలుసుకునే సమయానికి అతడు సుమారు 340 కిలోమీటర్లు నడిచి, ఇంకా నడుస్తూనే ఉన్నాడు. నలుగురిలో ముగ్గురు దక్కారు. గొంతుకు గాయమైన నాలుగవవాడు దొరికిన రోజునే చనిపోయాడు.

నలుగురికి ఎనిమిది లీటర్లు, పది రోజులు. ఇది ఎలా సాధ్యమని అడగాలి. అది ఫిబ్రవరి, సహారాలో అప్పుడు పగలు అంత మంట ఉండదు, రాత్రులు ఎముకలు కొరికే చలి. జూన్‌లో అదే దారిన నడిచి ఉంటే ఈ కథ చెప్పడానికి ఎవరూ మిగిలేవారు కారు.

ప్రశ్న: పరుగు పందెంలో దారి తప్పి, గబ్బిలాలు తిని బతికానని చెప్పిన ఇటలీ ఆటగాడి మాటలు నమ్మవచ్చా?

జవాబు: మౌరో ప్రొస్పెరీ సంగతి అది. ఐదు క్రీడలు కలిసిన ఆధునిక పెంటాథ్లాన్ పోటీల క్రీడాకారుడు, వృత్తిరీత్యా పోలీసు. 1994లో మొరాకోలో సహారా మీదుగా రోజుల తరబడి సాగే మారథాన్ దె సాబ్ల్ పందెంలో, ఇసుక తుపాను చెలరేగినా ఆగకుండా పరిగెత్తి బాట తప్పిపోయాడు. ఎడారి మధ్యలో ఒక సూఫీ సాధువు సమాధి మందిరం కనిపిస్తే అందులో తలదాచుకున్నాడు. పైకప్పుకు వేలాడుతున్న గబ్బిలాలను పట్టుకుని వాటి రక్తం తాగానని ఆయనే చెప్పాడు. తనను వెతుకుతున్న విమానం ఒకటి పైనుంచే దాటిపోయింది. ఒక దశలో బతుకు మీద ఆశ వదులుకున్నాడు కూడా. తరువాత, పందానికి ముందు తువారెగ్ సంచార జాతివారు ఇచ్చిన సలహా గుర్తుచేసుకుని, తెల్లవారే వేళ దిగంతంలో మేఘాలు కనిపించే దిక్కుకు నడవడం మొదలుపెట్టాడు. చివరికి మేకలు కాస్తున్న ఒక చిన్నపిల్ల కంటపడ్డాడు. ఆమె జడుసుకుని పరుగెత్తి తన గుడారంలోని ఆడవాళ్లకు చెబితే, వారు అతనికి మేకపాలు పట్టారు. అప్పటికి తొమ్మిది రోజులకు పైగా గడిచాయి. తాను అల్జీరియాలో ఉన్నానని ఆయనకు తరువాత గాని తెలియలేదు. పదిహేను కిలోలకు పైగా బరువు తగ్గాడు.

పందెం నిర్వాహకులు ఈ కథ మొత్తాన్ని నమ్మలేదు. అతడు సరిహద్దు దాటి దొరికాడన్నది, బక్కచిక్కి దొరికాడన్నది కాదనలేని విషయాలు. మందిరం లోపల ఏం జరిగిందో చూసినవారు ఎవరూ లేరు. నా మటుకు నేను నమ్మే వైపే మొగ్గుతాను. రాతి మందిరంలోని నీడ, చీకటి పడ్డాక, తెల్లవారుజామున మాత్రమే నడక, దారిలో ఎదురైన ఒక నీటి మడుగు — ఇవి మూడూ కలిస్తే రోజుల లెక్క అటూ ఇటుగా సరిపోతుంది. గబ్బిలాల వల్ల దక్కిన తడి మాత్రం అతిస్వల్పం. కథ విన్నవారందరికీ గుర్తుండేది అదే కావడం మరొక సంగతి.

ప్రశ్న: కాక్టస్ కోసి నీళ్లు తాగవచ్చని, ఒంటె మూపురంలో నీళ్లు ఉంటాయని, గొయ్యి తవ్వి పైన ప్లాస్టిక్ షీటు కప్పితే నీరు ఊరుతుందని విన్నాను. ఇవి పనికివస్తాయా?

జవాబు: ఒంటె మూపురంలో ఉండేది కొవ్వు. ఒంటె గొప్పతనం వేరే చోట ఉంది. తన శరీర ఉష్ణోగ్రతను పగలు 41 డిగ్రీల వరకు పెరగనిచ్చి, రాత్రి 34 వరకు తగ్గనిచ్చి, చెమట పట్టవలసిన అవసరాన్ని వాయిదా వేస్తుంది. ఒంటి బరువులో పాతిక శాతం నీరు కోల్పోయినా తట్టుకుని, నీరు దొరికినప్పుడు కొద్ది నిమిషాలలోనే వంద లీటర్ల దాకా తాగేస్తుంది. పీపా ఆకారంలో ఉండే కాక్టస్‌లలో చాలావాటి రసం వాంతులు, విరేచనాలు పట్టిస్తుంది. లోపలికి వెళ్లినదానికంటే బయటికి పోయేదే ఎక్కువ. ప్లాస్టిక్ షీటు పద్ధతిని 1965లో ఇద్దరు అమెరికా శాస్త్రవేత్తలు ప్రచురించారు. తడి ఉన్న నేలలో అది పనిచేస్తుంది, కాని గొయ్యి తవ్వడానికి కార్చిన చెమటను తిరిగి రాబట్టడం కష్టం. మూత్రం గురించి కూడా ఇద్దరు అడిగారు. దప్పిక ముదిరేకొద్దీ అందులో లవణాలు, వ్యర్థాలు చిక్కబడతాయి. వాటిని మళ్లీ బయటికి పంపడానికి శరీరం మరింత నీరు ఖర్చుపెట్టాలి.

ప్రశ్న: దారి తప్పినప్పుడు ఉన్నచోటే ఉండాలా, నడవాలా?

జవాబు: వాహనం ఉంటే దాని దగ్గరే ఉండాలి, పైనుంచి వెతికేవారికి మనిషికంటే వాహనం కనిపించడం తేలిక. ఇందుకు ‘లేడీ బీ గుడ్’ అనే అమెరికా బాంబర్ విమానం ఉదంతం చూడండి. 1943 ఏప్రిల్ 4న ఇటలీలోని నేపుల్స్ మీద దాడికి వెళ్లి తిరిగివస్తూ, చీకట్లో లిబియా తీరంలోని తమ స్థావరాన్ని దాటి వందల కిలోమీటర్లు ఎడారి లోపలికి వెళ్లిపోయింది. ఇంధనం అయిపోయే వేళకు తొమ్మిదిమంది పారాచూట్‌లతో దూకారు. ఒకరు పారాచూట్ సరిగా తెరుచుకోక చనిపోగా, మిగిలిన ఎనిమిదిమంది సముద్రం దగ్గరలోనే ఉందనుకుని వాయవ్య దిశగా నడిచారు. వారి చేతిలో ఉన్నది అర సీసా నీరు. రోజుకు ఒక్క మూతెడు చొప్పున పంచుకున్నారు. సహ పైలట్ రాసుకున్న డైరీ ఏప్రిల్ 12తో ఆగిపోయింది. 1960లో శవాలు దొరికినప్పుడు, ఆ అర సీసా నీటితో వారు వంద కిలోమీటర్లు దాటి నడిచారని తెలిసి నిపుణులే నివ్వెరపోయారు. వారు దూకిన చోటికి దక్షిణంగా, సుమారు పాతిక కిలోమీటర్ల దూరంలో వారి విమానం నేలమీద వాలి ఉంది. అందులో నీళ్లు, తిండి, పనిచేసే రేడియో ఉన్నాయి. పాపం, అది అక్కడ ఉందని వారికి తెలిసే అవకాశమే లేదు.

నడవక తప్పనప్పుడు మరొక చిక్కు ఉంది. సూర్యుడో చంద్రుడో కనిపించకపోతే మనిషి తిన్నగా నడవలేడు. జర్మనీలోని మాక్స్ ప్లాంక్ సంస్థకు చెందిన యాన్ సౌమన్ బృందం 2009లో ప్రచురించిన పరిశోధనలో ట్యునీషియా సహారాలో కొందరిని నడిపించి చూసింది. రాత్రి నడిచిన వ్యక్తి చంద్రుడు కనిపించినంతసేపూ తిన్నగానే వెళ్లాడు; చంద్రుడు కనుమరుగైన తరువాత పలుమార్లు మలుపు తిరిగి, తాను వచ్చిన వైపుకే ముఖం పెట్టాడు. అదంతా జరుగుతున్నప్పుడు తాను నేరుగానే పోతున్నానని అతని నమ్మకం.

ప్రశ్న: ఈ కథలన్నీ బయటినుంచి వచ్చి చిక్కుకున్నవారివే. ఎడారిలో పుట్టి పెరిగినవారి ప్రసక్తి ఎందుకు రాదు?

జవాబు: ఈ నెల వచ్చిన వాటిలో అన్నిటికంటే మంచి ప్రశ్న ఇదే. వారి ప్రసక్తి వస్తుంది, కాని చివరి పేజీలో, పేరు లేకుండా వస్తుంది. 1935 డిసెంబరు చివర విమానం కూలి ఈజిప్టు ఎడారిలో రోజుల తరబడి అల్లాడిన ఫ్రెంచి రచయిత సాంతెగ్జుపెరీని, ఆయన మెకానిక్‌ను కాపాడినది ఒంటె మీద వచ్చిన ఒక బెదూయిన్. పారాచూట్ గుడ్డ మీద పట్టిన మంచు పిండుకుని తాగితే వాంతులైన ఆ ఇద్దరికీ మంచినీళ్లు ఆయన చేతిమీదుగానే దొరికాయి. ప్రొస్పెరీకి మేకలు కాసే పిల్ల ఎదురైనట్టే ఇదీను.

1815లో పశ్చిమ సహారా తీరంలో ఓడ బద్దలై, సంచార తెగల చేతికి చిక్కి బానిసగా మారిన అమెరికా నావికుడు జేమ్స్ రైలీ కథ ఇంకా చిక్కనైనది. ఆకలికి, ఎండకు ఆయన బరువు 240 పౌండ్లనుంచి 90 పౌండ్లలోపుకు పడిపోయిందని స్వయంగా రాసుకున్నాడు. మొరాకోలోని మొగడోర్ రేవులో తనకు ఒక మిత్రుడున్నాడని, అక్కడికి చేరిస్తే సొమ్ము ఇప్పిస్తానని సీదీ హామెత్ అనే వర్తకుణ్ణి నమ్మించాడు. నిజానికి అక్కడ రైలీకి తెలిసినవారు ఎవరూ లేరు. ఆ పరదేశంలో ఎవరో ఒకరు చదువుతారనే ఆశతో రాసిన ఉత్తరం విలియం విల్‌షైర్ అనే బ్రిటిష్ ప్రతినిధి చేతికి అందగా, ఆయన సొమ్ము చెల్లించి రైలీని, మరి నలుగురిని విడిపించాడు. బానిసత్వం బానిసత్వమే. అయితే ఎడారిలో బావి ఎక్కడుందో, ఎప్పుడు కదలాలో తెలిసిన హామెత్ తోడు లేకపోతే, ఆ ఐదుగురు ఆ రేవుదాకా చేరేవారు కారన్నది రైలీ రాతల్లోనే కనిపిస్తుంది.

ఆస్ట్రేలియాలో జరిగినది మాత్రం వేరే రకం; అక్కడ కొరత నీటికి కాదు. ఆ ఖండాన్ని దక్షిణంనుంచి ఉత్తరానికి దాటడానికి వెళ్లిన బర్క్, విల్స్, కింగ్ 1861 ఏప్రిల్ 21 సాయంత్రం కూపర్ క్రీక్ దగ్గరి తమ విడిదికి తిరిగి చేరుకున్నారు. నెలల తరబడి తమకోసం ఎదురుచూసిన సహచరులు అదే రోజు ఉదయం అక్కడినుంచి వెళ్లిపోయారు. ఏరులో నీరుంది, చేపలున్నాయి. ఆ ప్రాంతపు యాండ్రువాండా ప్రజలు చేపలు, నార్డూ అనే నీటి ఫెర్న్ మొక్క గింజల్లాంటి బీజకోశాలతో చేసిన రొట్టెలు తెచ్చి ఇచ్చారు. బర్క్ వారిని అనుమానించి, ఒకసారి తుపాకి పేల్చి తరిమేశాడు కూడా. తరువాత ముగ్గురూ నార్డూను తమకు తోచినట్టు నూరుకుని తిన్నారు. అందులో బి1 విటమిన్‌ను నాశనం చేసే ఎంజైమ్ ఉంటుంది; యాండ్రువాండా స్త్రీలు దాన్ని సిద్ధం చేసే పద్ధతిలో ఆ దోషం తగ్గేది. కడుపునిండా తింటూనే కాళ్లు సత్తువ కోల్పోయి విల్స్, ఆ వెంటనే బర్క్ చనిపోయారు. కింగ్ మాత్రం ఆ ప్రజల దగ్గరికే వెళ్లాడు. పక్షులను కొట్టి తెచ్చి ఇచ్చాడు, ఒక స్త్రీ చేతిమీది పుండును వేడినీళ్లతో కడిగి మందు పెట్టాడు. వారు అతనికి తిండి, పడుకోవడానికి చోటు ఇచ్చారు. వెతుక్కుంటూ వచ్చిన హౌవిట్ బృందానికి 1861 సెప్టెంబరులో అతడు వారి మధ్యనే సజీవంగా దొరికాడు.

ప్రశ్న: దప్పికతో పడిపోయిన మనిషి దొరికితే వెంటనే కడుపునిండా నీళ్లు తాగించవచ్చా?

జవాబు: తాగించకూడదు. ముందు నీడకు చేర్చి, ఒళ్లు తడిపి, గాలి తగిలేలా చూడాలి. స్పృహలో ఉండి మింగగలిగితే కొద్దికొద్దిగా, ఆగి ఆగి తాగించాలి. ఉప్పు, చక్కెర కలిసిన ఓఆర్ఎస్ ఉంటే మరీ మంచిది. స్పృహ లేని మనిషి నోట్లో నీళ్లు పోస్తే అవి ఊపిరితిత్తుల్లోకి పోతాయి కాబట్టి, అతన్ని పక్కకు తిప్పి పడుకోబెట్టి, రక్తనాళం ద్వారా ద్రవాలు ఎక్కించగల ఆసుపత్రికి వీలైనంత త్వరగా తరలించాలి.